ఆ నోటిని చూడండి: విర్నా లీసి సినిమాలు ఏ వరసలో చూడాలి?

పాత నటి ఒకరి పేరు ఎక్కడో చెవిన పడుతుంది. చూద్దాం అనిపిస్తుంది. నెట్‌లో వెతికితే చాంతాడంత జాబితా వస్తుంది. మొదటి సినిమాతో మొదలుపెడతాం, రెండో దానికి కునుకు పడుతుంది, అక్కడితో సరి. ఇటలీ నటి విర్నా లీసి విషయంలో నేనూ అదే పని చేశాను. 1953 నుంచి వరసగా చూద్దామని కూర్చుని, నేపుల్స్ పాటల సినిమాల దగ్గరే చతికిలబడి, ఆర్నెల్లు ఆవిడ ఊసే ఎత్తలేదు. తర్వాత ఒక రాత్రి 1994 నాటి ఫ్రెంచి సినిమా ఒకటి చూస్తున్నాను. నల్లబట్టల్లో ఒక ముసలి రాణి, నుదురు సగం తల దాకా బోడిగా ఉంది, పెదవులు కదలకుండానే మాట్లాడుతోంది. ఎవరీవిడ అని చివర పేర్లు వచ్చేదాకా లేవకుండా కూర్చున్నాను. తీరా చూస్తే, నేను మధ్యలో వదిలేసిన మనిషే.

అందుకే ఈ వరస. ఇది పుట్టిన తేదీ నుంచి పోయిన తేదీ దాకా నడిచేది కాదు. వారానికి ఒకటి చొప్పున చూస్తే రెండున్నర నెలల పని. మీరు చేయాల్సింది ఒకటే: ప్రతి సినిమాలోనూ ఆవిడ నోటిని గమనించండి. కళ్ళను కాదు, జుట్టును కాదు, నోటిని. ఎందుకో దారిలో చెబుతాను.

కూర్చునే ముందు

ఒక నోటుపుస్తకం పెట్టుకోండి. ఒక్కో సినిమాకు నాలుగు గడులు చాలు: ఇటాలియన్ పేరు, ఇంగ్లీషు పేరు, సంవత్సరం, ఏ భాషలో చూశారు. ఇది చాదస్తం అనుకోవద్దు. ఇటలీ సినిమాలు దేశం దాటగానే పేర్లు మార్చుకుంటాయి. 'సిన్యోరే ఎ సిన్యోరి' అంటే 'అమ్మలారా, అయ్యలారా' అని. అదే సినిమా ఇంగ్లీషులో 'ద బర్డ్స్, ద బీస్ అండ్ ది ఇటాలియన్స్' అయింది. ఈ సంగతి తెలియక రెండు వేరువేరు సినిమాలనుకుని రెండుసార్లు వెతికాను. సంవత్సరాల్లోనూ ఒకటి అటూ ఇటూ తేడా వస్తుంది. తీసిన ఏడు ఒకరు రాస్తే, విడుదలైన ఏడు ఇంకొకరు రాస్తారు. వెతికేటప్పుడు తెలుగు అక్షరాల్లో కాకుండా రోమన్ అక్షరాల్లో ఇటాలియన్ పేరే కొట్టండి. దొరికే అవకాశం అలాగే ఎక్కువ.

రెండో జాగ్రత్త గొంతు గురించి. ఆ రోజుల్లో ఇటలీలో సినిమా తీసిన తర్వాతే గొంతులు కలిపేవాళ్ళు. తెరమీద పెదవి ఒకరిది, వినిపించే మాట ఇంకొకరిది కావడం అక్కడ మామూలే. తెలుగువాళ్ళకు దీన్ని విడమరిచి చెప్పక్కర్లేదు. డబ్బింగ్ కళాకారుల గొంతుతోనే మన హీరోయిన్లు ఎంతమంది మన ఇళ్ళల్లోకి వచ్చారో మనకు తెలుసు. తేడా కనిపెట్టడానికి చిన్న చిట్కా ఉంది. ప, బ, మ పలకాలంటే ఎవరైనా పెదవులు మూయాల్సిందే. మీకు ఇటాలియన్ ముక్క రాకపోయినా ఫరవాలేదు. చెవికి 'మామ్మా' అనో 'బేనే' అనో వినపడ్డప్పుడు తెరమీద పెదవులు కలిశాయా లేదా చూడండి. కలవకపోతే ఆ మాట తర్వాత ఎక్కించిందే. కలిసినంత మాత్రాన గొంతు ఆవిడదే అనుకోవడానికీ లేదు. మంచి డబ్బింగ్ కళాకారులు పెదవిని ఇట్టే పట్టేస్తారు.

పేర్లు పడేటప్పుడు రెండు మాటలు గుర్తుపడితే చాలు. 'రెజియా' అంటే దర్శకత్వం. 'ఎపిసోదియో' అని కనిపిస్తే అది నాలుగైదు కథలు కుట్టిన సినిమా అని అర్థం, మీ నటి అందులో ఒక ముక్కలోనే ఉండొచ్చు.

మొదటి వారం: అత్తగారు

'లా రెన్ మార్గో'తో మొదలుపెట్టండి. 1994, దర్శకుడు పాత్రీస్ షెరో. ఫ్రెంచి మాటలు, కింద సబ్‌టైటిళ్ళు ఉన్న ప్రతే చూడండి, ఇంగ్లీషు డబ్బింగ్ జోలికి పోకండి. అమెరికాలో విడుదల చేసినప్పుడు దీన్ని కొంత కత్తిరించారు. కాబట్టి రెండు నిడివులు కనిపిస్తే పొడవైనదే తీసుకోండి.

ముందుగా చుట్టరికాలు రాసి పెట్టుకోండి, లేకపోతే మొదటి అరగంట తికమకే. కేథరిన్ ది మెడిచీ ఫ్లోరెన్స్ ఆడపడుచు. 14 ఏళ్ళకు, 1533లో, ఫ్రాన్సు రాజకుటుంబానికి కోడలిగా వచ్చింది. కథ నాటికి విధవ, రాజమాత. బతికున్న కొడుకుల్లో పెద్దవాడు తొమ్మిదో చార్లెస్ సింహాసనం మీద ఉన్నాడు. కూతురు మార్గో. కేథలిక్కులకూ ప్రొటెస్టెంట్లకూ సంధి కుదర్చాలని ఆ కూతుర్ని ప్రొటెస్టెంటు రాజు నవార్ హెన్రీకి ఇచ్చి చేస్తారు. పెళ్ళయి వారం తిరక్కుండానే, 1572 ఆగస్టు 24న, పెళ్ళికొచ్చిన చుట్టాలను పారిస్ వీధుల్లో ఊచకోత కోస్తారు. చరిత్రలో అది సెంట్ బార్తలోమ్యూ దినం. సినిమా పెళ్ళితోనే మొదలవుతుంది.

కేథరిన్ వేషం విర్నా లీసిది. అత్త అనగానే మనకు కళ్ళముందు మెదిలేది సూర్యకాంతం. ఎడంచెయ్యి తిప్పుతూ, ఇల్లెగిరేలా గొంతెత్తి. ఈ అత్త గొంతే ఎత్తదు. అల్లుణ్ణి చంపించాలన్నా మెల్లగా, పక్కవాడి చెవిలో చెప్పినట్టు చెబుతుంది. పెదవులు ఒక గీతలా బిగుసుకుని ఉంటాయి. కొడుకును తడిమేటప్పుడు మాత్రం ఆ గీత కాస్త వదులవుతుంది, అదీ క్షణం సేపే.

సినిమా చూడనివాళ్ళు ఈ పేరా వదిలేసి ముందుకు వెళ్ళండి. అల్లుడి కోసం ఆవిడ వేటపుస్తకం ఒకటి సిద్ధం చేయిస్తుంది. పేజీలు ఒకదానికొకటి అంటుకుని ఉంటాయి, విడదీయాలంటే వేలు నాలుకకు తడిచేసుకోవాలి. విషం ఆ పేజీల్లోనే ఉంది. తీరా ఆ పుస్తకం పడింది సొంత కొడుకు చేతిలో. ఆ సంగతి తెలిసినప్పుడు ఆవిడ ముఖం ఏం చేస్తుందో ఆపి ఆపి చూడండి.

ఈ వేషానికి ఆ ఏడాది ఫ్రాన్సులో జరిగే కాన్ సినిమా ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. మరుసటి ఏడు ఫ్రాన్సువాళ్ళ సినిమా బహుమతి సెజార్ కూడా ఇచ్చారు, సహాయనటిగా. కాన్ నాటికి ఆవిడకు 57 ఏళ్ళు. సినిమా కథానాయిక ఇసబెల్ అజానీ, పేరు కూడా ఆ పాత్రదే. అయినా కాన్‌లో ఉత్తమ నటి అత్తగారే అయింది.

రెండో వారం: టూత్‌పేస్టు

ఇప్పుడు ఒక్క గెంతులో 1950ల చివరికి వెళ్ళండి. ఈ వారం పని పావుగంట కూడా పట్టదు, కానీ దాటేయకండి.

ఇటలీ ప్రభుత్వ టీవీ సంస్థ రాయ్ 1954 జనవరి 3న క్రమంగా ప్రసారాలు మొదలుపెట్టింది. 1957 ఫిబ్రవరి 3 నుంచి 'కరొజెల్లో' అని ఒక కార్యక్రమం రాత్రిళ్ళు వచ్చేది. అది నిజానికి ప్రకటనల గుత్తే, కాకపోతే ఊరికే సరుకు చూపించి పోవడానికి వీల్లేదు. ముందు ఒక చిన్న కథో హాస్యమో చెప్పి జనాన్ని మెప్పించాలి, సరుకు మాట చివర్లో కొన్ని సెకన్లే. పెద్ద దర్శకులు, పెద్ద నటులు అందరూ చేశారు. 'కరొజెల్లో అవగానే పడుకోవాలి' అనేది అక్కడి ఇళ్ళల్లో పిల్లలకు పెట్టిన కట్టుబాటు. 1977 జనవరి 1 దాకా నడిచింది.

అందులో క్లొరొదొంత్ అనే టూత్‌పేస్టుకు విర్నా లీసి చేసింది. ఆవిడను ఉద్దేశించి చివర ఒక మాట వస్తుంది: 'కోన్ క్వెల్లా బొక్కా పువో దీరే చో కె వువోలే'. ఆ నోటితో ఏమన్నా చెల్లుతుంది అని. ఆ మాట ఇటలీలో సామెతలా పాకిపోయింది. నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని మనమూ అంటాం గానీ, మనం అనేది మాటతీరు గురించి. అక్కడ అన్నది పలువరస గురించి. నోరు అందంగా ఉంటే చాలు, మాట ఏదైనా పట్టింపు లేదు. ఇరవై దాటుతున్న నటికి దేశం మొత్తం ఇచ్చిన కితాబు అది. నాకైతే అందులో పొగడ్త కన్నా సంకెల ఎక్కువ కనిపిస్తుంది.

క్లొరొదొంత్, కరొజెల్లో, విర్నా లీసి మూడు మాటలూ కలిపి వెతికితే ముక్కలు దొరుకుతాయి. రెండు మూడు చూడండి. నోటుపుస్తకంలో ఆ వాక్యం రాసి పెట్టుకోండి, ఇక ముందు అన్ని వారాలూ దానితోనే పని.

ఇదే వారంలో ఇంకో సంగతి. 1957లోనే రాయ్ టీవీలో 'ప్రైడ్ అండ్ ప్రెజుడిస్' నవలను వారం వారం నాటకంగా ఇచ్చారు. దర్శకుడు దనియేలె దాంజ. అందులో ఎలిజబెత్ బెనెట్ విర్నా లీసి. ఇలాంటి టీవీ నాటకాలను 'షెనెజ్జాతో' అంటారు. ఆ తొలి ఏళ్ళలో ఇవి ఎక్కువగా స్టూడియోలో ఆడుతుండగానే ఇళ్ళకు చేరేవి. మళ్ళీ తీద్దాం అనడానికి లేదు, గొంతు తర్వాత కలపడానికీ లేదు. ఇందాక చెప్పిన ప, బ, మ పరీక్ష ఇక్కడ పెట్టండి. ఎలిజబెత్ అంటే మాటకు మాట అప్పజెప్పే పిల్ల. ఒకపక్క నోరు బాగుంది, మాట ఏదైతేనేం అనే ప్రకటన, మరోపక్క మాటే ఆయుధమైన పాత్ర. రెండూ ఒకే టీవీలో, ఇంచుమించు ఒకే కాలంలో. రాయ్ పాత సరుకు కొంత రాయ్‌ప్లే అనే వాళ్ళ వేదికలో ఉంటుంది. ఇటలీ బయటి నుంచి అన్నీ తెరుచుకోవు, సబ్‌టైటిళ్ళు ఉంటాయన్న ఆశ పెట్టుకోకండి. నవల ఎరిగినవాళ్ళకు అవి లేకపోయినా నడుస్తుంది.

మూడో వారం: కేకులోంచి వచ్చిన పెళ్ళాం, ఫోను వదలని పెళ్ళాం

ఈ వారం రెండు ఒకేసారి చూడాలి. రెండూ 1965 నాటివే.

మొదటిది హాలీవుడ్‌ది, 'హౌ టు మర్డర్ యువర్ వైఫ్'. దర్శకుడు రిచర్డ్ క్వైన్, హీరో జాక్ లెమన్. మెరిలిన్ మన్రో 1962లో పోయాక ఆ ఖాళీలో ఎవరిని కూర్చోబెడదామా అని స్టూడియోలు వెతుకుతున్న రోజులు. పెళ్ళికి ముందు రాత్రి మగాళ్ళు చేసుకునే విందులో ఒక పెద్ద కేకులోంచి బికినీలో ఒకమ్మాయి లేస్తుంది. తాగిన మత్తులో హీరో ఆమెను పెళ్ళాడతాడు. తెల్లారి చూస్తే ఆమెకు ఇంగ్లీషు రాదు. ఇంకో విచిత్రం చూడండి: ఆ పాత్రకు పేరు కూడా లేదు. మిసెస్ ఫోర్డ్ అంతే, మొగుడి ఇంటిపేరు. నోట్లో నాలుక లేని పిల్ల అని మనం అంటాం, ఇక్కడ అక్షరాలా అదే వేషం. మగాళ్ళ గోడు వినిపించే కోర్టు సీను దగ్గర ఇవాళ ఎవరికైనా ఒళ్ళు మండుతుంది. అయినా చూడండి, ఎందుకంటే ఆ మాటల్లేని సీన్లలో ఆవిడ ముఖంతో చేసిన హాస్యం చూస్తే ఆవిడ ఎంత సరైన సమయానికి నవ్వించగలదో తెలుస్తుంది. సినిమాలో అందరూ ఆవిడను చూస్తున్నారు గానీ ఆ పనితనాన్ని ఎవరూ చూడటం లేదు.

అదే ఏడాది మార్చిలో 'ఎస్క్వయర్' పత్రిక ముఖచిత్రం మీద ఆవిడ బొమ్మ వేశారు, చెంపల నిండా నురగ, చేతిలో రేజరు, గడ్డం గీసుకుంటూ. ఆ పత్రికకు ముఖచిత్రాలు రూపొందించే జార్జ్ లోయిస్ ఆలోచన అది. వెతికి చూడండి. అందాన్ని ఎగతాళి పట్టించడానికి ఆవిడ ఒప్పుకున్న మొదటి సందర్భం నాకు అదే అనిపిస్తుంది.

రెండోది 'లే బాంబొలే'. బొమ్మలు అని అర్థం. నాలుగు కథల గుత్తి, నలుగురు దర్శకులు. మీకు కావాల్సింది మొదటిదే, దీనో రీసి తీసిన 'లా తెలెఫొనాతా'. మొగుడు నీనో మన్‌ఫ్రేది. మధ్యాహ్నం పూట పెళ్ళాంతో సరసానికి తయారై కూర్చుంటాడు. పెళ్ళాం వాళ్ళమ్మతో ఫోనులో ఉంది. మాట్లాడుతుంది, మాట్లాడుతుంది, ఇంకా మాట్లాడుతూనే ఉంటుంది. పుట్టింటి నుంచి ఫోనొస్తే ఏమవుతుందో పెళ్ళయిన మగాళ్ళెవరికీ వేరే చెప్పక్కర్లేదు, మా ఇంట్లో ఇది పెట్టినప్పుడు నవ్వనిది మా ఆవిడ ఒక్కతే. కథ చిన్నది, తేలికది. కానీ అట్లాంటిక్‌కు ఆ ఒడ్డున నోరు మెదపని పెళ్ళాం, ఈ ఒడ్డున నోరు మూయని పెళ్ళాం. ఒకే ఏడాది, ఒకే నటి. అమెరికావాళ్ళు ఏం పోగొట్టుకున్నారో ఈ రెండూ పక్కపక్కన పెడితేగానీ తెలియదు.

తర్వాత హాలీవుడ్‌లో టోనీ కర్టిస్‌తో ఒకటి, ఫ్రాంక్ సినాత్రాతో ఒకటి చేసింది, రెండూ 1966లోనే. అవి చూడకపోయినా నష్టం లేదు. 'బార్బరెల్లా' సినిమాలో వేషం ముందు ఆవిడ దగ్గరికే వచ్చింది, వద్దంది. అది జేన్ ఫాండాకు వెళ్ళింది. విర్నా లీసి ఇటలీ తిరిగొచ్చేసింది.

నాలుగో వారం: ఊరి నోరు

వరస మొత్తంలో ఒక్కటే చూస్తానంటే నేను చెప్పేది దీన్నే. 'సిన్యోరే ఎ సిన్యోరి', 1966, పియెత్రో జెర్మి. నలుపు తెలుపు. ఉత్తర ఇటలీలో త్రెవీజో పట్నంలో తీశారు. మూడు కథలు, ఒకే ఊరు, ఒకే స్నేహబృందం. కాన్‌లో ఆ ఏటి పెద్ద బహుమతిని ఒక ఫ్రెంచి సినిమాతో కలిసి పంచుకుంది.

మీ నటి రెండో కథలో ఉంటుంది. ఆ పేరు మిలేనా, కెఫేలో డబ్బులు తీసుకునే బల్ల దగ్గర కూర్చునే పిల్ల. బ్యాంకు గుమాస్తా ఒకడు, పెళ్ళయినవాడు, ఇంట్లో పెళ్ళాం నోటికి జడిసి చెవుల్లో దూది పెట్టుకున్నట్టు బతికేవాడు, ఈమెను ప్రేమిస్తాడు. ఆ ఊళ్ళో చాటుగా ఎవరు ఎవరితో తిరిగినా అడిగే దిక్కులేదు. కానీ వీళ్ళు దాక్కోరు. అదే నేరం. పెళ్ళాం, పై అధికారులు, గుడి, పోలీసులు, నిన్నటిదాకా భుజాల మీద చేతులేసిన స్నేహితులు, ఊరు ఊరంతా ఒక్కటై ఆ ఇద్దర్నీ విడదీస్తుంది.

చూసే ముందు ఒకటి తెలుసుకుంటే కథ బరువు తెలుస్తుంది. అప్పటికి ఇటలీలో విడాకులు లేవు. ఆ చట్టం వచ్చింది 1970 డిసెంబరులో. పెళ్ళయిన ఆడది పరాయివాడితో ఉంటే జైలుకు పంపే నిబంధనను అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం కొట్టేసింది 1968లో. అంటే ఆ గుమాస్తాకు ఆ ఇంట్లోంచి బయటపడే దారి చట్టంలో ఎక్కడా లేదు. జెర్మి దాన్ని హాస్యంగానే తీశాడు, నవ్వుతూనే ఉంటాం, ఎక్కడ ఆగిపోయామో గుర్తుండదు.

ఇక నోటి సంగతి. మిలేనా చాలా తక్కువ మాట్లాడుతుంది. చుట్టూ ఉన్నవాళ్ళంతా గడగడా వాగుతుంటారు, ఫోన్లలో, వీధిలో, గుడి మెట్ల మీద. అందరి నోళ్ళూ కదులుతుంటాయి, ఆ ఒక్క నోరు తప్ప. టూత్‌పేస్టు ప్రకటన తెలిసిన ఇటాలియన్లు ఆ సినిమా చూసినప్పుడు అది వాళ్ళకు తట్టిందో లేదో గానీ, నాకు మాత్రం రెండోసారి చూసినప్పుడు తట్టింది. ఏమన్నా చెల్లుతుందన్న నోటికి ఇక్కడ ఒక్క మాటా చెల్లలేదు.

ఐదో వారం: దాటేయాల్సినవి

1970 దశకం మొదటి సగంలో పెద్దగా ఆగకండి. 1960లో ఆవిడ ఒక ఆర్కిటెక్టును పెళ్ళాడింది, 1962లో కొడుకు పుట్టాడు. ఇంటికి సమయం ఇచ్చింది, సినిమాలు తగ్గించింది. చేసిన వాటిలోనూ పలు దేశాలు కలిసి తీసినవి ఎక్కువ. ఈ వారం ఊపిరి పీల్చుకోవడానికి ఒకటి చూడాలంటే, 1969 నాటి 'ద సీక్రెట్ ఆఫ్ శాంతా విత్తోరియా' పెట్టుకోండి. యుద్ధకాలంలో జర్మన్లకు దొరక్కుండా పది లక్షల వైన్ సీసాలు దాచిన ఊరి కథ. ఆంథొనీ క్విన్, అన్నా మన్యాని మొగుడూపెళ్ళాలుగా గిన్నెలు విసురుకుంటుంటే మిగతావాళ్ళు ఎవరూ గుర్తుండరు, పాపం మన నటి కూడా.

ఆరు, ఏడు వారాలు: పలువరస పక్కనపెట్టాక

1977లో లిలియానా కవాని ఒక సినిమా తీసింది, తత్త్వవేత్త నీషే, అతని స్నేహితులు లూ సలోమే, పాల్ రే ముగ్గురి సంగతి. 'అల్ ది లా దెల్ బేనే ఎ దెల్ మాలే'. అందులో నీషే చెల్లెలు ఎలిజబెత్ విర్నా లీసి. అన్నను కాపాడుతున్నాననుకుంటూ అన్న చుట్టూ గోడ కట్టే మనిషి. ఇరవై ఏళ్ళ కింద ఒక ఎలిజబెత్ చేసింది కదా, ఇది దానికి పూర్తిగా ఎదురు. మొదటిసారి ఆవిడ నోరు వికారంగా కనిపిస్తుంది, బిగదీసుకుని, అసూయతో. ఇటలీ సినిమా పాత్రికేయులు ఇచ్చే నాస్త్రో దార్జెంతో వచ్చింది దీనికి. పెద్దలకు మాత్రమే అనదగ్గ సీన్లు చాలా ఉన్నాయి, ఇంట్లో అందరి మధ్యా పెట్టి ఇబ్బంది పడకండి.

తర్వాతది 'లా చికాలా', 1980, అల్బెర్తో లత్తువాదా. చికాలా అంటే ఇలకోడి. రోజులు పోయిన గాయని, పక్కన ఒక పడుచు, ఆ తర్వాత ఎదిగొచ్చిన కూతురు. దీనికి ఇటలీ సినిమా బహుమతి దావిద్ ది దొనతెల్లో వచ్చింది, ఉత్తమ నటిగా. ఇదీ పెద్దలదే. సినిమాగా ఇది నాకు నచ్చలేదు, ఆడవాళ్ళను చూసే చూపులో వెకిలితనం ఉంది. కానీ వయసు కనబడకుండా దాచుకునే వయసులో ఒక అందగత్తె తన వయసును తానే పైకి తెచ్చి చూపించడం ఎలా ఉంటుందో అందులో ఉంది.

మూడోది తేలికది, 'సపోరే ది మారే', 1983, కార్లో వంజీనా. సముద్రం రుచి అని. ఫోర్తె దెయ్ మార్మి అనే తీరపట్నంలో 1960ల నాటి వేసవి సెలవులు, ఆనాటి పాటలు, కుర్రకారు ప్రేమలు. ఆ కుర్రాళ్ళలో ఒకడు మనసు పారేసుకునే నడివయసావిడ విర్నా లీసి. 1960లలో నిజంగా ఇటలీ కుర్రకారు గోడల మీద బొమ్మ పెట్టుకున్న మనిషి, ఇప్పుడు ఆ 1960ల కథలోనే పెద్దావిడగా కూర్చుంది. ఈ వేషానికి సహాయనటిగా దావిద్ కూడా ఇచ్చారు. జనం ఎగబడి చూసిన సెలవుల సినిమా అని చిన్నచూపు చూడకండి.

ఎనిమిదో వారం: బడిపంతులు గుర్తొస్తాడు

'బువొన్ నతాలే, బువొన్ అన్నో', 1989, లుయీజీ కొమెంచీని. క్రిస్మస్, కొత్త సంవత్సరం శుభాకాంక్షలు అని పేరు. ముసలి దంపతులు. చేతిలో డబ్బు చాలదు, ఇల్లు వదలాలి. ఇద్దర్నీ కలిపి పోషించే చోటు పిల్లల దగ్గర లేదు, అందుకని ఆయన ఒకరింటికి, ఆవిడ ఇంకొకరింటికి. తర్వాత ఇద్దరూ పడుచు ప్రేమికుల్లా చాటుగా కలుసుకుంటుంటారు. ఆయన వేషం ఫ్రెంచి నటుడు మిషెల్ సెరో.

1972 నాటి మన 'బడిపంతులు' చూసినవాళ్ళకు ఎన్టీఆర్, అంజలీదేవి కళ్ళముందుకు రాక మానరు. అక్కడా తల్లి ఒకరి వాటా, తండ్రి ఒకరి వాటా. అయితే మన సినిమా ఏడిపిస్తుంది, పిల్లల్ని నిలదీస్తుంది. కొమెంచీని పిల్లల్ని పెద్దగా తిట్టడు. ముసలివాళ్ళ కళ్ళల్లో దొంగతనంగా కలుసుకునే ఉత్సాహం మీద కెమెరా పెడతాడు. మా అమ్మను పక్కన కూర్చోబెట్టి, మాటలు తెలుగులో చెబుతూ చూపించాను. సగంలో "ఇంక నువ్వు చెప్పక్కర్లేదులేరా, తెలుస్తోంది" అంది. ఈ సినిమాలో విర్నా లీసి నవ్వుతుంది, పళ్ళు కనబడేలా. 1950ల ప్రకటన తర్వాత ఆ నవ్వు నాకు నచ్చింది ఇక్కడే.

తొమ్మిదో వారం: మళ్ళీ టీవీ

చివరి పదిహేనేళ్ళలో ఆవిడ టీవీకి తిరిగొచ్చింది, ఈసారి ఇంటింటి అమ్మగా, అమ్మమ్మగా. 2000లో 'లే అలి దెల్లా వీతా', ఆ తర్వాత 'ఇల్ బెల్లో దెల్లె దొన్నె', 2005 నుంచి 'కతెరీనా ఎ లె సుఎ ఫిల్యే', అంటే కతెరీనా, ఆమె కూతుళ్ళు. అన్నీ కనాలె చింక్వె అనే ప్రైవేటు ఛానెల్లో వచ్చాయి. అన్నీ చూడమని చెప్పను, అది మన సాయంత్రపు సీరియళ్ళ లాంటి వ్యవహారమే. కతెరీనా నుంచి ఒక భాగం పెట్టుకోండి చాలు. మొదటి వారం రాణి పేరు కేథరిన్, దానికి ఇటాలియన్ రూపమే కతెరీనా. రెండూ పిల్లల తల్లులే. అక్కడ పెదవి కదపని మనిషి ఇక్కడ వంటింట్లో నిలబడి నోరారా మాట్లాడుతుంది.

పదో వారం: ఆఖరుది

'లాటిన్ లవర్', క్రిస్తీనా కొమెంచీని. ఈమె ఎనిమిదో వారం దర్శకుడి కూతురు. ఈమెతో విర్నా లీసి అంతకుముందు 1996లో ఒకటి, 2002లో ఒకటి చేసింది. చచ్చిపోయి పదేళ్ళయిన ఒక ఇటలీ సినిమా హీరో ఉంటాడు. పెళ్ళాలు, కూతుళ్ళు తలోదేశం నుంచి ఆయన సొంతూరు చేరతారు. మొదటి పెళ్ళాం రీతా విర్నా లీసి. హీరో నటించిన పాత సినిమాల ముక్కలంటూ మధ్యమధ్యలో కొన్ని దొంగ సీన్లు తీసి పెట్టారు, 1950లు, 60ల ఇటలీ సినిమాను ఎగతాళి చేస్తూ. ఈ తొమ్మిది వారాలూ చూసినవాళ్ళకు అందులో ఏది దేన్ని వెక్కిరిస్తోందో వెంటనే తెలుస్తుంది.

2014 డిసెంబరు 18న రోములో ఆవిడ పోయింది, 78 ఏళ్ళ వయసులో. సినిమా విడుదలైంది 2015 మార్చిలో. ఇది చూసిన రోజే, మళ్ళీ పొద్దుపోకముందే, టూత్‌పేస్టు ప్రకటన ఇంకోసారి పెట్టుకోండి. ఈసారి ధ్వని ఆపేసి.

ఇంకా ఓపిక మిగిలితే: జోసెఫ్ లోసీ 'ఈవా' (1962) చూడొచ్చు, అందులో వెలుగంతా జాన్ మొరోదే అయినా, భర్త చేతిలో మోసపోయే పెళ్ళాంగా ఈవిడ ఉన్న సీన్లు బాగుంటాయి. 'లా తులిప్ నువార్' (1964) అలాఁ దెలోఁ కత్తియుద్ధాల కోసం. 'రోమొలో ఎ రేమొ' (1961)లో కండలవీరుడు స్టీవ్ రీవ్స్ రోము నగరం కట్టిన కథ ఉంది. దాన్ని పిల్లలతో కలిసి, డబ్బింగ్ ఏ భాషలో దొరికితే ఆ భాషలో చూడండి, ప, బ, మ లెక్కలు అక్కర్లేదు.